నాదఖడ్గం: వెలుగుకు వంక లేదు, చెవే మందం

బెంగళూరు ఎస్పీ రోడ్డు పక్క సందులో, మేడ మీద ఒక చిన్న గదిలో చేసి అమ్ముతున్న కత్తి ఇది. దీనికి అల్లిన కథ బాగుంది: అంచుకు పదునుండదు, పట్టినవాడి గొంతే పదును. 'స' పలికితే ఎరుపు, 'రి'కి నారింజ, అలా 'ని' దగ్గరికొచ్చేసరికి ఊదా. స్వరం నిలిచినంతసేపే వెలుగు, శ్రుతి తప్పితే కత్తి ఆరిపోవాలి. ఉగాది నాటకాలకూ కామిక్ కాన్ వేషాలకూ దీన్ని కొందామనుకునేవాళ్ల కోసం విప్పి చూశాం. ధర 6,800 రూపాయలు, సెల్స్ కాకుండా.

ముందు మంచి సంగతి. అలుగు 80 సెంటీమీటర్ల పాలికార్బనేట్ గొట్టం. అక్రిలిక్ అయితే రెండు దెబ్బలకు చిట్లుతుంది, ఇది వంగి మళ్లీ నిలబడుతుంది. లోపల అల్యూమినియం పట్టీకి రెండు వైపులా డబ్ల్యూఎస్2812బి స్ట్రిప్ (ఒక్కో దీపం రంగును విడిగా మార్చగల పట్టీ), మొత్తం 96 ఎల్ఈడీలు. చుక్కలు చుక్కలుగా కనబడకుండా బటర్ పేపర్ రెండు చుట్లు చుట్టారు. చవక ఉపాయమే కానీ పని చేసింది. స్ట్రిప్‌కు కరెంటు రెండు చివర్ల నుంచీ ఇచ్చారు. చాలామంది ఈ పని ఎగ్గొడతారు. అప్పుడు కొన దగ్గర వోల్టేజీ పడిపోతుంది. ఎరుపు ఎల్ఈడీకి 2 వోల్టులు చాలు, నీలానికి 3 దాకా కావాలి, అందుకే తెలుపు కాస్తా కొనలో ఎర్రబారుతుంది. ఇందులో ఆ బాధ లేదు.

డేటా తీగకు 470 ఓమ్‌ల రెసిస్టర్, పవర్‌కు అడ్డంగా 1000 మైక్రోఫారడ్ కెపాసిటర్ ఉన్నాయి. సిగ్నల్ వోల్టేజీని పెంచే లెవెల్ షిఫ్టర్ మాత్రం లేదు. కత్తిని నడిపే బుల్లి కంప్యూటర్ బోర్డు ఈఎస్‌పీ32 ఇచ్చేది 3.3 వోల్టులు. 5 వోల్టుల మీద నడిచే స్ట్రిప్ కనీసం 3.5 అడుగుతుంది. షాపు బల్ల మీద బాగానే వెలుగుతుంది, స్టేజీ మీద ఉన్నట్టుండి పచ్చటి మెరుపులు మెరుస్తుంది. 74ఏహెచ్‌సీటీ125 అనే లెవెల్ షిఫ్టర్ చిప్ ఒకటి మధ్యలో పెట్టించుకుంటే పోయేదానికి ఇంత నగుబాటు ఎందుకు?

ఇక చెవి. గొడవంతా ఇక్కడే.

మైకు పిడి అడుగున ఉంది. స్పీకరూ అక్కడే, రెండింటి మధ్య మూడు వేళ్ల ఎడం కూడా లేదు. కత్తి ఊపగానే 'ఝుం' అని స్పీకర్ మోగుతుంది, ఆ ఝుంకారాన్ని మైకు విని రంగు మారుస్తుంది. నోరు మూసుకుని ఊపి చూడండి, గంధర్వుడు పాడుతున్నట్టు రంగులు దొర్లుతాయి. తన పాట తనే విని మురిసిపోయే కత్తి అన్నమాట. ఆ మోత ఫైలు ఆడుతున్నంతసేపూ మైకును పట్టించుకోవద్దని కోడ్‌లో ఒక షరతు పెడితే సగం తీరుతుంది. మిగతా సగం తీరాలంటే షీల్డ్ తీగతో మైకును బయటికి లాగి, అంగీ కాలర్‌కు తగిలించాలి.

రెండో తప్పు గెయిన్, అంటే మైకు విన్నదాన్ని ఎంత పెంచాలన్న అమరిక. మ్యాక్స్9814 మైకు బోర్డులో గెయిన్ కాలిని దేనికీ కలపకుండా వదిలేశారు, అంటే 60 డెసిబెల్స్. పక్కన డోలు మోగితే నోరు మునిగిపోతుంది, ఎవరూ పాడకపోతే ఫ్యానే గాయకుడు. ఆ కాలిని వీడీడీకి, అంటే బోర్డుకు కరెంటు వచ్చే కాలికి, కలిపితే 40కి దిగుతుంది. ఒక్క టంకం, రెండు నిమిషాల పని.

మూడోది లెక్కలో ఉంది. కోడ్ సెకనుకు 16,000 నమూనాలు తీసుకుంటోంది, 512 చొప్పున విడగొట్టి స్వరం వెతుకుతోంది. అంటే స్వరాలను వేసి చూసే ఒక్కో గడి వెడల్పు 31 హెర్ట్జ్, ఒకే గడిలో పడ్డ రెండు స్వరాలను అది విడదీయలేదు. మగగొంతుకు సి శ్రుతిలో 'స' సుమారు 131, చతుశ్శ్రుతి 'రి' 147. తేడా 16 మాత్రమే, గడిలో సగం. ఇక కత్తి ఎరుపూ నారింజా మధ్య తడబడక ఏం చేస్తుంది? పై స్థాయిలో పాడే ఆడగొంతుకు ఈ ఇబ్బంది తగ్గుతుంది. 512ను 2048 చేస్తే గడి 8 హెర్ట్జ్‌కు కుదించుకుంటుంది. బదులుగా వెలుగు దాదాపు ఎనిమిదో వంతు సెకను వెనకబడుతుంది. పద్యం రాగం తీస్తుంటే ఆ ఆలస్యం ఎవరికీ పట్టదు, కత్తియుద్ధంలో మాత్రం కొట్టొచ్చినట్టు కనబడుతుంది. గమకం వేసినప్పుడు రంగు వణకడం లోపం కాదు, మాకైతే కత్తి మొత్తంలో అదే అందం.

రంగుల్లో చిన్న సవరణ: 'గ'కు పెట్టిన పసుపు ఆకుపచ్చగా కొడుతోంది. ఎరుపు 255 ఉంచి, ఆకుపచ్చను 160 దగ్గరికి తగ్గించండి. నారింజకు 70 చాలు.

బ్యాటరీ సంగతి. 96 ఎల్ఈడీలు నిండు తెలుపులో వెలిగితే 5.8 ఆంపియర్లు లాగుతాయి. సెల్స్ కరెంటును 5 వోల్టులకు మార్చే లోపలి కన్వర్టర్ మోసేది 3. అందుకే వెలుగును 40 శాతానికి కట్టేశారు, మంచి పనే, దాన్ని పెంచకండి. 2600 ఎంఏహెచ్ 18650 సైజు లిథియం సెల్స్ రెండు వేస్తే తెలుపులో గంటన్నర, ఒకే రంగులో నాలుగు గంటల పైన రావాలి. '9800' అని అచ్చేసిన సెల్స్ అదే రోడ్డులో చవగ్గా దొరుకుతాయి. ఆ సైజులో మంచి కంపెనీ సెల్ కూడా 3500 చుట్టుపక్కలే ఆగుతుంది, మిగతాదంతా లేబుల్ మీద సిరా. రెండూ ఒకే కంపెనీవి, ఒకే వయసువి వేయండి. హైదరాబాద్‌కో విజయవాడకో విమానంలో తీసుకెళ్తే సెల్స్ ఊడదీసి చేతిసంచిలో పెట్టుకోవాలి, చెక్ఇన్ లగేజీలో వేయకూడదు.

పిడి పీఎల్ఏ అనే ప్లాస్టిక్‌తో త్రీడీ ప్రింటర్‌లో ముద్రించింది. 60 డిగ్రీల దగ్గర మెత్తబడే సరుకు. ఎండలో ఆపిన కారులో వదిలేస్తే సాయంత్రానికి సొరకాయ వంకర తిరుగుతుంది. ఇంకాస్త వేడి తట్టుకునే పీఈటీజీ ప్లాస్టిక్‌లో అడిగితే ఇంకో 400 తీసుకుని చేసిస్తున్నారు, ఇవ్వండి.

ఇప్పుడున్నట్టుగా అయితే ఇది 4,500కు మించి చేయదు. లెవెల్ షిఫ్టర్, కాలర్ మైకు, పీఈటీజీ పిడి చేర్చి ఇస్తే 6,800కు కళ్లు మూసుకుని కొనొచ్చు. డబ్బు కట్టకముందే నోరు మూసుకుని ఒకసారి ఊపి చూడండి, రంగు మారితే అక్కడికక్కడే తిరిగిచ్చి సరిచేయమనండి. చిక్కపేట మెట్రో దిగితే నడిచి వెళ్లేంత దూరమే. ఆదివారం మాత్రం వెళ్లకండి, ఆ రోడ్డులో చాలా షట్టర్లు దించే ఉంటాయి.