స్టీఫెన్ బరోస్ ఆత్మకథ: దొంగ పాస్టర్ సొంతంగా చెప్పుకున్న కథ
1798లో అచ్చయిన స్టీఫెన్ బరోస్ ఆత్మకథ చదివాను, అసలు వదలబుద్ధి కాలేదండి. పాస్టర్ కొడుకై ఉండి నాన్న రాసుకున్న ప్రసంగాలు కొట్టేసి, దొంగ పేరుతో మసాచుసెట్స్‌లోని పెల్హామ్ ఊళ్లో పాస్టర్‌గా చేరిపోతాడు. కాగితాలు పాతగా ఉన్నాయేంటని జనానికి డౌట్ వచ్చి, బైబిల్లోని యెహోషువ గ్రంథంలోంచి అతుకులేసిన పాత చెప్పుల గురించిన వాక్యం ముక్క ఒకటిచ్చి దాని మీద అప్పటికప్పుడు ప్రసంగం చెప్పమంటే, ఆ చెప్పుల మీదే వాళ్లకి చీవాట్లు పెడుతూ దంచేస్తాడు చూడండి, ఆ సీన్ కోసమైనా కొనొచ్చు! స్వాతంత్ర్యం వచ్చిన కొత్తల్లో అమెరికా పల్లెలు ఎలా ఉండేవో కళ్లకి కడుతుంది. తర్వాత దొంగ డబ్బు కేసు, నార్తాంప్టన్ జైలు, బోస్టన్ దగ్గర కాజిల్ ఐలాండ్ అనే దీవిలో ఖైదు... ఇక్కడ కొంచెం సాగుతుంది, పైగా తప్పంతా ఎదుటోళ్ల మీదే తోసేస్తాడు, అది మాత్రం నాకు నచ్చలేదు. ఇంగ్లిష్ పాతకాలంది, ఓపిగ్గా చదవాలి.