లాగ్‌ఫర్‌నెట్ డీఎల్ఎల్: కాటా సాఫ్ట్‌వేర్‌లో చాలాకాలం వాడాక

డాట్‌నెట్ ప్రోగ్రాములు తమలో జరిగేదాన్ని ఫైలులో వరసగా రాసుకోవడానికి (అదే లాగ్) వాడే లైబ్రరీ లాగ్‌ఫర్‌నెట్. లాగ్ రాయలేకపోతే ఆ సంగతి ఎవరికీ చెప్పకుండా ఊరుకుంటుంది. నా కోపమంతా ఆ ఒక్క గుణం మీదే. లెవెళ్లు (ఎంత వివరంగా రాయాలి), అపెండర్లు (ఎక్కడికి రాయాలి) అందరికీ తెలిసినవే, వాటి జోలికి పోను.

గాజువాక ఆటోనగర్‌లోనో పోర్టు రోడ్డులోనో లారీల కాటా మీద నడిచే విన్‌ఫార్మ్స్ (విండోస్‌లో కిటికీగా తెరుచుకునే) ప్రోగ్రాంకి మొదట్లో ఈ మౌనమే నచ్చుతుంది. లాగింగ్‌లో ఏ తేడా వచ్చినా ప్రోగ్రాం పడిపోదు, లారీల వరస ఆగదు. చేతనైనంత రాస్తాం, నమ్మకంగా రాస్తామని హామీ ఇవ్వం అని డాక్యుమెంటేషన్‌లోనే ఒప్పుకున్నారు కూడా. చిక్కంతా తర్వాత. టేర్ బరువు (ఖాళీ లారీ బరువు) తప్పని డ్రైవరు గొడవకి దిగుతాడు. ఇండికేటర్ (కాటా బరువు చూపే పెట్టె) నుంచి సీరియల్ పోర్టులో వచ్చిన అసలు అంకె చూద్దామని ఫైలు తెరిస్తే ఆ పూటకి ఒక్క లైనూ ఉండదు.

ఎక్కువసార్లు దోషం ఫైలు తాళానిది. ఫైల్ అపెండర్‌కి డీఫాల్ట్ ఎక్స్‌క్లూజివ్ లాక్. ఆపరేటరు అదే ప్రోగ్రాంని రెండోసారి తెరిస్తే మొదటిది ఫైలుని పట్టుకునే ఉంటుంది, రెండోదానికి రాసే అవకాశం లేదు. స్లిప్పులు మాత్రం మామూలుగానే ప్రింటవుతాయి! పైగా డీఫాల్ట్ ఎర్రర్ హ్యాండ్లర్ మొదటి తప్పుని ఒక్కసారే చెబుతుంది, అదీ కన్సోల్‌కి (అక్షరాలు మాత్రమే కనిపించే తెర), ట్రేస్‌కి (ప్రోగ్రామర్ కోసం పంపే సందేశాలు). విన్‌ఫార్మ్స్‌కి కన్సోల్ ఎక్కడిది?

రెండో కారణం ఫోల్డరు. ప్రోగ్రాం ఫైల్స్ కింద మామూలు యూజరు రాయలేడు. సరే అని ప్రోగ్రాం డేటాకి మార్చినా, పగటి షిఫ్ట్ యూజరు సృష్టించిన ఫైలుని రాత్రి షిఫ్ట్ యూజరు మార్చలేడు. ఇన్‌స్టాలర్‌లోనే ఆ ఫోల్డరుకి యూజర్స్ గ్రూపు పేరున మోడిఫై పర్మిషన్ ఇవ్వాలి.

తాళం సంగతికి మినిమల్ లాక్ పెట్టమంటారు చాలామంది. ప్రతి లైనుకీ ఫైలు తెరిచి మూస్తుంది కాబట్టి, సెకనుకి పదిసార్లు బరువు పంపే ఇండికేటర్‌ని డీబగ్ లెవెల్లో పెడితే నెమ్మదిస్తుంది. నాకు నచ్చిన దారి ఫైలు పేరులోనే ప్రాసెస్ ఐడీ (నడిచే ప్రతి ప్రోగ్రాంకి విండోస్ ఇచ్చే సంఖ్య) చేర్చడం. కాన్ఫిగ్ (సెట్టింగుల ఫైలు)లోని ఫైల్ ఎలిమెంట్‌కి టైపుగా ప్యాటర్న్ స్ట్రింగ్ ఇవ్వడం మరవొద్దు, ఇవ్వకపోతే ఐడీకి బదులు పర్సంట్ గుర్తుతో సహా అక్కడ రాసిన మాటే ఫైలు పేరైపోతుంది. ప్రోగ్రాం మొదలవగానే ఒక లైను రాయించి, రిపాజిటరీ (లాగ్‌ఫర్‌నెట్ తన అపెండర్లని ఉంచుకునే చోటు) నుంచి అపెండర్‌ని తీసుకుని, దాని ఫైలు నిజంగా ఉందా, ఇప్పుడే మారిందా అని చూడండి. లేకపోతే స్టేటస్ బార్‌లో ఎర్రగా చూపించండి. గొడవ రాకముందే ఆపరేటరుకి తెలుస్తుంది.

కారణం వెతకాలంటే యాప్ సెట్టింగ్స్‌లో ఇంటర్నల్ డీబగ్‌ని ట్రూ చేసి, సిస్టమ్ డయాగ్నోస్టిక్స్‌లో ఫైలుకి రాసే ట్రేస్ లిజనర్ జోడించి, ఆటోఫ్లష్ ఆన్ చేయాలి. ఇలాంటిదే మరో లాగింగ్ లైబ్రరీ ఎన్‌లాగ్‌లో ఇదే పనికి కాన్ఫిగ్‌లో ఇంటర్నల్ లాగ్ ఫైల్ అనే ఆట్రిబ్యూట్ ఉంది.

ప్రతి లైనూ వెంటనే ఫ్లష్ అవుతుందని (ప్రోగ్రాం తన దగ్గర ఆపుకోకుండా విండోస్‌కి ఇచ్చేస్తుందని) మెచ్చుకునేవాణ్ణి. ప్రోగ్రాం కూలినప్పుడు ఆ మెప్పు నిజమే. కరెంటు పోయినప్పుడు కాదు: అప్పటికది విండోస్ కాష్ దాకానే చేరి ఉంటుంది, ఫైలు చివర నల్ అక్షరాలు మిగులుతాయి. యూపీఎస్ లేని కాటా గదిలో చివరి స్లిప్పు లాగ్‌ని నమ్మకండి. రోలింగ్‌లో (ఫైలు నిండితే కొత్తది మొదలుపెట్టడం) బ్యాకప్ సంఖ్యకి డీఫాల్ట్ 0, అంటే 10 ఎంబీ దాటగానే పాతదంతా చెరిగిపోతుంది. తేదీ ప్రకారం రోల్ చేస్తే పాత ఫైళ్లని అది తీసేయదు, వాటికి వేరే ఏర్పాటు కావాలి.

ప్రోగ్రాం ఆపకుండా లెవెల్ మార్చుకునే సదుపాయం మాత్రం ఇప్పటికీ ఇష్టం. విడి కాన్ఫిగ్ ఫైలుని కాన్ఫిగర్ అండ్ వాచ్‌తో ఇస్తే, లెవెల్‌ని ఇన్‌ఫో నుంచి డీబగ్‌కి మార్చి సేవ్ చేసిన అర సెకనుకే ముడి అంకెలు పడడం మొదలవుతుంది.

పాత డాట్‌నెట్ ఫ్రేమ్‌వర్క్ ప్రోగ్రాం, ఒక కంప్యూటరు, ఒక ఆపరేటరు అయితే దీన్ని మార్చాల్సిన పని లేదు, వెర్షన్ 2.0.10 కన్నా పాతది కాకుండా చూసుకోండి, అంతకుముందు వాటిలో ఎక్స్ఎంఎల్ కాన్ఫిగ్ చదివే దగ్గర భద్రతా లోపం ఉంది. పాత రిపోర్టు భాగమేదైనా 1.2.10 కావాలని పట్టుబడితే బైండింగ్ రీడైరెక్ట్ (పాత వెర్షన్ అడిగితే కొత్తది ఇచ్చే సెట్టింగు) పనిచేయదు, 1.2.11 నుంచి డీఎల్ఎల్ సంతకం కీ మారింది. ఆ పాత డీఎల్ఎల్‌ని విడి ఫోల్డరులో పెట్టి కాన్ఫిగ్‌లో కోడ్‌బేస్ సెట్టింగుతో దారి చూపాలి. కొత్తగా మొదలుపెట్టేది, ఒకే కంప్యూటర్లో రెండు మూడు ప్రోగ్రాములు నడిచేది అయితే నేను ఎన్‌లాగ్ వైపే మొగ్గుతాను.