నీళ్ల మీద వెలిగే సెల్లు దీపాలు: కలల రాత్రి ఆటకు ఎంతవరకు పనికొస్తాయి?

నీళ్లు తగలగానే వెలిగే, లోపల బ్యాటరీ సెల్లు ఉన్న ప్లాస్టిక్ దీపాలకు మా మార్కులు అయిదుకు మూడు. బతుకమ్మ పక్కన, తులసికోట దగ్గర అలంకారానికైతే నాలుగు ఇవ్వొచ్చు. ఇక్కడ మాత్రం ఒకే ఒక్క పనికి తూకం వేస్తున్నాం: కల్పిత లోకాల ఆటలాడే గుంపులు డాబా మీదనో హాల్లోనో జరుపుకునే కలల దీపాల రాత్రి.

ఆ ఆటలోని లోకంలో ఏడాదికి ఒక్కరాత్రి ఊరంతా చీకటి చేసుకుంటారు. ఒక్క పెద్ద దీపం నుంచి ఇంటికొకటి అంటించుకుంటారు. దీపం వెలిగినంతసేపు ఆ మనిషి తన కల చెప్పాలి. రెండు దీపాలు తగిలితే ఇద్దరి కలా ఒక్కటే, ఇక కలిపే చెప్పాలి. దీపం కొండెక్కితే నోరు కట్టేసుకోవాలి. అంటే దీపానికి అంటుకోవడం, తగులుకోవడం, ఆరిపోవడం మూడూ తెలియాలి. సెల్లు దీపానికి నడిమిది ఒక్కటే వచ్చు.

అది మాత్రం బాగా వచ్చు. తేలే వస్తువు చుట్టూ నీటి పైపొర కొంచెం వంగుతుంది. రెండు దీపాలు దగ్గరికి రాగానే ఆ వంపులోకి జారి అతుక్కుంటాయి. ఎవరూ ముట్టకుండా కలలు కలుస్తాయి. అయితే గిన్నె సగమే నింపితే దీపాలన్నీ అంచుకు చేరి అక్కడే కూర్చుంటాయి, ఎందుకంటే అంచు దగ్గర నీళ్లు పైకి ఎగబాకి ఉంటాయి. అంచు మీద నీళ్లు ఉబ్బి కనబడేదాకా, పొర్లేముందు వరకు నింపండి, అప్పుడు నడిమికి వస్తాయి. రెండడుగుల వెడల్పు గంగాళానికి ఆరు దీపాలు చాలు. పన్నెండు వేస్తే మొదట్లోనే అన్నీ ముద్దై, అందరిదీ ఒకటే కల అయి ఆట అయిపోతుంది. ఫ్యాన్ ఆపాలి, లేకుంటే కలలను కలిపేది గాలే.

ఇక లోపలి సంగతి. అడుగున రెండు లోహపు ముల్లులు ఉంటాయి. నీళ్లు ఆ రెండింటినీ కలపగానే చిన్న కరెంటు పారి లైటు వెలుగుతుంది. నల్లా నీళ్లకు ఇబ్బంది లేదు. ఆర్‌ఓ నీళ్లలో లవణాలు తక్కువ కాబట్టి కొన్ని రకాలు మినుకు మినుకుమంటాయి. గంగాళానికి చిటికెడు ఉప్పు చాలు. పిడికెడు వేస్తే ముల్లుల మీద ఉప్పు పొర కట్టి, నీళ్లలోంచి తీసినా తేమకు వెలుగుతూనే ఉంటుంది. బోరు నీళ్లయితే తెల్లటి పొర పేరుకుంటుంది, పాత టూత్ బ్రష్‌తో రుద్దాలి. వత్తులు నూనెలో తడిపిన చేత్తో ముట్టినా వెలగదు, నూనె పొర కరెంటును ఆపుతుంది. గిన్నెలు తోమే సబ్బుతో కడిగితే సరి.

ఎక్కువ దీపాలు చచ్చేది ఆటలో కాదు, ఆట తర్వాత డబ్బాలో. తడిగా మూసిపెడితే రాత్రంతా లోపల వెలిగి సెల్లు ఖాళీ అవుతుంది. పొడిగుడ్డతో తుడిచి, ముల్లులు పైకి వచ్చేలా బోర్లించి, ఆరినాకే సర్దాలి. ఎవరి దీపమో తెలియడానికి అడుగున నెయిల్ పాలిష్ చుక్క పెట్టండి, ముల్లులకు తగలకుండా. మార్కర్ గీత తడికి పోతుంది.

అంటుకోవడానికి, ఆరిపోవడానికి మాత్రం మట్టి దీపంతలే (ప్రమిదలే) గతి. సెల్లు దీపాలన్నీ నీళ్లు తగలగానే ఒక్కసారే వెలుగుతాయి. తీసేదాకా ఆరవు. కాబట్టి మనిషికి రెండు దీపాలు ఇవ్వాలి: నీళ్లలో ఒకటి, ముందర ఒకటి. కొత్త దీపంతలను ఒక రాత్రి నీళ్లలో నానబెట్టి, నీడన పూర్తిగా ఆరబెట్టండి. నానబెట్టకుంటే మట్టి నూనె తాగేస్తుంది, తేమ మిగిలితే వత్తి చిటపటలాడుతుంది. ఒక్కోదానిలో చెంచా నూనె, అంటే 5 మి.లీ. అందరికీ సమానం. వత్తి లావులోనే తేడా పెట్టాలి: లావు వత్తి నూనెను తొందరగా లాగి ముందు ఆరుతుంది, సన్నది చివరిదాకా నిలుస్తుంది. ఎవరిది ముందు పోతుందో ఎవరికీ తెలియొద్దంటే వత్తులు ఆట నడిపేవారే వేయాలి. ముందురోజు ఒక లావుది, ఒక సన్నది వెలిగించి గడియారం చూసుకోండి. గంట దాటితే నూనె తగ్గించాలి. (ఎనుమాముల పత్తి మార్కెట్ ఉన్న మన వరంగల్‌లో వత్తులు ప్యాకెట్లో కొనడమేందో! పత్తి కొంచెం తెచ్చుకుంటే కావలసిన లావులో చేసుకోవచ్చు.)

దీపంతను వంచి ఇంకో దీపంత అంటించొద్దు, నూనె ఒలుకుతుంది. ఏకహారతి తిప్పి దానితో అంటించండి. దీపంతల కింద ఇసుక పోసిన స్టీలు పళ్లెం ఉండాలి. కలలు రాసిన చీటీలు ఆ పళ్లెంలో పెడితే నూనె దిగి అక్షరాలు అలుక్కుపోతాయి, విడిగా ఉంచాలి.

పిల్లలు ఉంటే సెల్లు మూతకు స్క్రూ ఉన్న రకమే తేవాలి. బిళ్ల సెల్లు మింగితే రెండు గంటల్లోనే గొంతు లోపల కాలగలదు. వాంతి చేయించకుండా నేరుగా దవాఖానకు పరుగెత్తాలి. ఈ దీపాలను పద్మాక్షి గుండంలోనో భద్రకాళి చెరువులోనో కార్తీక దీపాల్లాగ వదలొద్దు, అది ప్లాస్టిక్, లోపల సెల్లు. అక్కడికి మోదుగాకు దొప్ప ఉంది.

కొనేటప్పుడు డబ్బా మీది బొమ్మ చూడకండి. గ్లాసులో నీళ్లడిగి ఒక్కోటి ముంచండి. వెలిగిన తర్వాత తీసి తుడిస్తే వెంటనే ఆరాలి. ఆరకపోతే పక్కన పెట్టేయండి. నీళ్లలో ఒరిగిపోయేవి కూడా వద్దు, సెల్లు ఒక పక్కకు పడ్డట్టు. గ్లాసు నీళ్లు ఇవ్వనంటే పక్క దుకాణం చూసుకోండి.