వింత బంగళాలో ఒక రాత్రి: 1932 నాటిదా, 1977 నాటిదా?

భయమూ నవ్వూ ఒకేసారి కావాలనుకునేవాళ్లకు నేను చెప్పే సినిమాలు రెండు. జేమ్స్ వేల్ తీసిన 'ది ఓల్డ్ డార్క్ హౌస్' (1932), జపాన్ దర్శకుడు నొబుహికో ఒబయాషి తీసిన 'హౌస్' (1977).

మొదటిదాంట్లో బ్రిటన్‌లోని వేల్స్ ప్రాంతపు కొండల్లో జోరువాన. దారి మూసుకుపోయి ప్రయాణికులు ఫెమ్ కుటుంబం బంగళాలో తలదాచుకుంటారు. దయ్యాలేమీ ఉండవు, భయపెట్టడానికి ఆ ఇంటి మనుషులే చాలు. మంచం పట్టిన 102 ఏళ్ల పెద్దాయన వేషం వేసింది ఎల్స్‌పెత్ డడ్జన్ అనే నటి! 'టైటానిక్'లో ముసలి రోజ్‌గా చూసిన గ్లోరియా స్టువర్ట్ ఇందులో పడుచు ఇల్లాలు.

'హౌస్'లో ఇల్లే మనుషుల్ని మింగుతుంది. సెలవులకు వచ్చిన ఏడుగురు అమ్మాయిల్లో ఒకరిని పియానో నమిలేస్తుంది. ఇలాంటి ఊహలు కొన్ని దర్శకుడి చిన్నారి కూతురు చిగుమి చెప్పినవే. అందుకేనేమో, పిల్లల పీడకలలా ఏ లెక్కకూ అందదు. ఆకాశం కూడా రంగులేసిన తెరే. ఒబయాషి అంతకుముందు వాణిజ్య ప్రకటనలు తీసేవాడు, ఆ మెరుపు ప్రతి షాట్‌లోనూ కనిపిస్తుంది. కానీ నన్ను కదిలించింది ఆ ఇంటావిడ కథ. యుద్ధానికి వెళ్లి తిరిగిరాని ప్రియుడి కోసం ఆమె ఎదురుచూస్తూనే ఉంటుంది. నవ్వుతూ నవ్వుతూ అక్కడ గొంతు పట్టేసింది.

ఇంట్లో పెద్దవాళ్లతో కూర్చుంటే వేల్ సినిమా పెట్టండి, గంటంపావులో అయిపోతుంది. నాకైతే 'హౌస్' ఇష్టం. రక్తం, నగ్నత్వం ఉన్నాయి కాబట్టి పిల్లలు పడుకున్నాక చూడండి.