కీమా మెషిను కొనేవారికి హెచ్చరిక: డెమోలో ఒకటి, పెట్టెలో ఇంకొకటి

కీమా మెషిను కోసం బేగంబజారు వెళ్లాలనుకుంటున్నవారు దయచేసి ఇది చదివి బయలుదేరండి. దుకాణం పేరు రాయడం లేదు. గుమ్మంలోనే బల్ల వేసి, మాంసం ఆడించి చూపిస్తూ జనాన్ని పిలుస్తారంటే అటు తిరిగేవారికి అర్థమవుతుంది. నిన్న అక్కడ నాకు జరిగిన అవమానం తలచుకుంటే ఇప్పటికీ చేతులు వణుకుతున్నాయి.

నేను చిన్న కర్రీ పాయింటు నడుపుతున్నాను. ఆదివారం కీమా ఉంటేనే గిరాకీ. మటన్ కొట్టులో మెషినుకు వేయిస్తే మొదట బయటికొచ్చేది మనకంటే ముందు వచ్చినవారి మాంసం, మన మాంసంలో కొంత అందులోనే ఉండిపోతుంది. దాన్ని ఎప్పుడు కడిగారో ఎవరూ చెప్పరు. కత్తితో కొట్టించుకుంటే రుచికి తిరుగులేదు, కానీ ఆదివారం పొద్దున ఆ రద్దీలో కొట్టిచ్చే తీరిక వాళ్లకు ఉండదు. అందుకే సొంత మెషిను కొనాలనుకున్నాను.

డెమో అద్భుతంగా చేశాడు. ముందున్న చిల్లుల జాలీలోంచి కీమా దేనికది విడివిడిగా పడింది, ఎక్కడా ముద్ద కట్టలేదు. జేబులోంచి అయస్కాంతం తీసి మెషిను తల మీద, అంటే మాంసం ఆడే లోహపు భాగం మీద పెట్టాడు. అంటుకోలేదు. "చూశారా మేడం, ఇనుము కాదు, అసలైన స్టీలు" అన్నాడు. కర్రీ పాయింటుకని చెప్పే కొన్నాను. "రోజుకు పది కిలోలు ఆడించుకోండి, ఏమీ కాదు" అని మాట ఇచ్చాడు. 7,500 రూపాయలు ఫోనులో పంపాను. పక్కా బిల్లు అడిగితే జీఎస్టీ పడుతుందని, పైన 'ఎస్టిమేట్' అని అచ్చువేసిన చీటీ చేతిలో పెట్టాడు. అక్కడే పట్టుబట్టి ఉండాల్సింది.

ఇంటికొచ్చి సీలు తీసి, అన్నీ కడిగి ఆరబెట్టి, మాంసం వేశాను. మొదటి పిడికెడు పడింది. ఆ తర్వాత జాలీ చిల్లుల్లోంచి పాలిపోయిన గుజ్జు రావడం మొదలైంది. తొట్టి గొంతులోంచి నీరు పైకి ఉబికింది. మోటారు మూలిగింది, తల వేడెక్కింది. ఆపి, జాలీని బిగించి ఉంచే రింగు విప్పి చూస్తే బ్లేడు నాలుగు రెక్కలకూ నరాలు, పొరలు గట్టిగా చుట్టుకుని ఉన్నాయి. ఒక్క నరం కూడా తెగలేదు. ఆ గుజ్జును పెనం మీద వేస్తే పొడిపొడిగా వేగడానికి బదులు నీరు వదిలి ఉడికింది. శామీ కబాబు చేద్దామంటే చేతిలో నిలవనే లేదు.

బ్లేడు తిరగేసి పెట్టి ఉంటారని అనేవారికి ముందే చెబుతున్నాను. చదునుగా ఉన్న వైపు జాలీకి ఆనుకునేలానే పెట్టాను. నరాలు, పొరలు చేతనైనంత తీసేశాను. ముక్కల అంచులు గట్టిపడేదాకా ఫ్రీజర్‌లో ఉంచాకే వేశాను, ఎందుకంటే మాంసం వెచ్చగా ఉంటే కొవ్వు కరిగి చిల్లులు పూడుకుపోతాయి. రింగు కూడా బిగించే ఉంది. లోపం నా వాడకంలో లేదు.

ఈ మెషినులో మాంసాన్ని కోసేది స్క్రూ కాదు. తొట్టిలో పడ్డ ముక్కలను ముందుకు నెట్టడమే దాని పని. స్క్రూ కొసన నలుచదరంగా ఉన్న మొన మీద నాలుగు రెక్కల బ్లేడు కూర్చుంటుంది, స్క్రూతో పాటే తిరుగుతుంది. దాని ముందున్న చిల్లుల జాలీ మాత్రం తిరగదు. జాలీ అంచున ఒక గాడి ఉంటుంది. అది తలలోని చిన్న మేకుకు తగులుకుని కదలకుండా నిలుస్తుంది. మాంసం చిల్లుల్లోకి దూరిన క్షణంలో బ్లేడు దాన్ని జాలీ ముఖం మీద తెగ్గోస్తుంది. కత్తెర రెక్కల మధ్య సందు ఉంటే గుడ్డ తెగక మడతపడుతుంది కదా, ఇదీ అంతే. బ్లేడు, జాలీ ఒకదానికొకటి పూర్తిగా ఆనకపోతే మాంసం తెగదు, నలిగిపోతుంది. మోటారు ఎంత పెద్దదైనా ఉపయోగం లేదు.

నా మెషినులో ఆ ఆనడమే లేదు. జాలీని వంటగట్టు మీద పెట్టి దాని మీద బ్లేడు ఉంచితే టకటకా ఊగింది. రెండూ కలిపి ట్యూబులైటుకు ఎదురుగా పట్టుకుంటే రెండు రెక్కల కింద నుంచి వెలుతురు కనిపించింది. పలుచని రేకును అచ్చులో నొక్కి తీసిన బ్లేడది, అంచు పదును పట్టనే లేదు.

నన్ను నిజంగా భయపెట్టింది తర్వాత చూసినది. తల లోపలి భాగాన్ని వేడినీళ్లతో కడిగి తెల్లగుడ్డతో తుడిస్తే గుడ్డంతా నల్లటి బూడిదరంగు మరక. మళ్లీ కడిగి మళ్లీ తుడిచాను, మళ్లీ అదే. అప్పుడు తలను చేతిలో పట్టుకుని బరువు చూశాను. అంత పెద్ద వస్తువు స్టీలైతే చేయి లాగేయాలి, ఇది తేలిగ్గా ఉంది. అల్యూమినియం బరువు స్టీలులో దాదాపు మూడో వంతే. అల్యూమినియానికీ అయస్కాంతం అంటుకోదు! అతను అంత ధీమాగా చూపించిన పరీక్షతో అల్యూమినియాన్నీ స్టెయిన్‌లెస్ స్టీలునూ వేరు చేయడం కుదరదు. ఆ సంగతి వాటిని అమ్మేవాడికి తెలియదంటే నేను నమ్మను. ఆడించిన మాంసమంతా పారేశాను. నా దగ్గర కూర తీసుకెళ్లే ఇళ్లల్లో చిన్నపిల్లలున్నారు. ఆ మరక వాళ్ల కంచంలోకి వెళ్లేదని తలచుకుంటే నాకు నిద్ర పట్టలేదు.

అన్నీ సర్దుకుని, ఆ గుడ్డ కూడా పట్టుకుని నిన్న దుకాణానికి వెళ్లాను. అతను ఒక జంటకు డెమో చేస్తున్నాడు. అది పూర్తయ్యేదాకా పక్కన నిలబడ్డాను. విషయం చెప్పగానే "బ్లేడు తిప్పి పెట్టారు మేడం" అన్నాడు. తిప్పి పెట్టలేదని అక్కడే బిగించి చూపించాను. "అయితే ఎముక వేసి ఉంటారు" అన్నాడు. ఎముక తగిలితే రెక్క మీద గంటు పడాలి కదా, ఎక్కడుందో చూపించమన్నాను. మాట మార్చాడు.

ఈలోగా పనిచేసే కుర్రవాడు డెమో మెషిను కడగడానికి రింగు విప్పాడు. దాని జాలీ మందంగా ఉంది, ముఖం మీద 12 అని నంబరు చెక్కి ఉంది. బ్లేడు రెక్కలు దళసరిగా, అంచులు మెరుస్తూ ఉన్నాయి. నా జాలీ మీద ఏ గుర్తూ లేదు. రెండు జాలీలనూ కౌంటరు మీద పక్కపక్కన పెట్టాను. మందం తేడా చూడటానికి కొలబద్ద అక్కర్లేదు. "నాకు చూపించింది ఇది, ఇచ్చింది ఇది. ఎందుకు?" అని అడిగాను.

అతను డెమో జాలీని నా వేళ్ల కింద నుంచి లాక్కుని సొరుగులో పడేశాడు. ఆ జంట చూస్తుండగానే, గొంతు పెంచి అన్నాడు: "డెమో డెమోయే, సరుకు సరుకే. ఈ ధరకు ఏమొస్తుందనుకున్నారు? వాడటం రానివాళ్లు మిక్సీలో వేసుకోవాలి."

ఏళ్ల తరబడి రోజూ వంట చేసి నలుగురికి పెట్టి బతుకుతున్నాను. నాకు మాంసం వాడటం రాదట! మోసం చేసి దొరికిపోయినవాడు తల దించుకోవాలి, నన్ను దించుకోమంటున్నాడు. తల దించుకున్నది మాత్రం ఆ కుర్రవాడు. డబ్బు తిరిగి ఇమ్మంటే చీటీ కింద ఉన్న రబ్బరు ముద్ర చూపించాడు, 'అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదు' అని. పైగా కర్రీ పాయింటుకు వాడారు కాబట్టి గ్యారంటీ కూడా లేదన్నాడు. రోజుకు పది కిలోలు ఆడించుకోమన్నది ఇదే నోరు.

ఇంటికొచ్చాక మెషిను తిరగేసి చూశాను. పెట్టె మీద పెద్ద అక్షరాల్లో 2800 వాట్లు, అడుగున అతికించిన చిన్న చీటీ మీద 350. స్క్రూ తిరగకుండా పట్టేసినప్పుడు మోటారు లాగే విద్యుత్తును పెట్టె మీద అచ్చువేసి అమ్ముతారని తర్వాత తెలిసింది. ప్లగ్గు చూసినా పట్టుకోవచ్చు. నిజంగా 2800 వాట్లు లాగే యంత్రానికి 12 ఆంపియర్లు కావాలి, దానికి లావు పిన్నుల 16 ఆంపియర్ల ప్లగ్గు ఉండాలి. దీనికి ఉన్నది ఫోను చార్జరు పెట్టుకునే బోర్డులో దూరే సన్నపిన్నుల 6 ఆంపియర్ల ప్లగ్గు.

వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోను చేసి ఫిర్యాదు నమోదు చేయించాను. చీటీ మీది రబ్బరు ముద్రకు భయపడకండి. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం బిల్లు ఇవ్వకపోవడమూ, లోపమున్న సరుకు వాపసు తీసుకోననడమూ రెండూ అనుచిత వ్యాపార పద్ధతులే. జీవనోపాధికి స్వయంగా నడుపుకునే పని కోసం కొన్నవారూ ఆ చట్టం కింద వినియోగదారులే, కాబట్టి 'వ్యాపారానికి వాడారు' అన్న మాట చెల్లదు. 5 లక్షల లోపు వస్తువైతే జిల్లా వినియోగదారుల కమిషన్‌లో ఫిర్యాదుకు రుసుము కూడా లేదు. నేను డబ్బు పంపిన ఆధారం ఫోనులో ఉంది, వదిలిపెట్టను.

కొనేవారికి ఇంకో రెండు మాటలు. డెమో చూసి డబ్బివ్వకండి. మీరు తీసుకెళ్లే పెట్టెనే అక్కడ విప్పించి, అందులోని బ్లేడు, జాలీతోనే ఆడించమనండి. ఒప్పుకోకపోతే వెనక్కి తిరిగి వచ్చేయండి. జాలీ మీద 8, 12, 22 వంటి నంబరు ఉంటే అరిగిపోయాక విడిగా దొరుకుతుంది, నంబరు లేకపోతే మెషిను మొత్తం పారేయాల్సిందే. అయస్కాంతం తలకు కాకుండా బ్లేడుకు పెట్టి చూడండి. పదును నిలిచే గట్టి స్టీలు వేరే రకం, దానికి సాధారణంగా అంటుకుంటుంది.

ఇప్పటికే ఆ దుకాణంలో కొన్నవారుంటే ఈరోజే తల విప్పి, కడిగి, లోపల తెల్లగుడ్డతో తుడిచి చూడండి. నల్లగా వస్తే అందులో మాంసం వేయకండి, ముఖ్యంగా పిల్లలకు పెట్టే మాంసం. ఆ గుడ్డ పారేయకుండా ఫొటో తీసి దాచి, 1915కు ఫోను చేయండి.