విశ్వవిద్యాలయ మెట్రో స్టేషన్, ఢిల్లీ: ఐదుకి నాలుగు

మన వైపు నుంచి తెలంగాణ ఎక్స్‌ప్రెస్‌లో వచ్చి న్యూఢిల్లీలో దిగేవాళ్లు ఢిల్లీ యూనివర్సిటీ నార్త్ క్యాంపస్ కోసం ఆటోవాళ్లతో బేరాలాడక్కర్లేదు. అజ్మేరీ గేట్ వైపు బయటికొస్తే ఎల్లో లైన్ ఉంది. సమయ్‌పూర్ బాద్లీ వైపు రైలెక్కితే ఎక్కడా మారకుండా ఆరో స్టాప్ ఇదే.

2004లో ఢిల్లీ మెట్రో మొదటి భూగర్భ మార్గం తెరిచినప్పుడు ఇదే చివరి స్టేషన్. 2009లో లైన్ జహంగీర్‌పురి దాకా వెళ్లింది. అయినా పొద్దున క్లాసుల టైమ్‌లో ఇక్కడే సగం రైలు ఖాళీ అయిపోతుందనిపిస్తుంది. మెట్ల మీద మనం నడవం, జనమే నడిపిస్తారు. అమ్మాయిలూ, రైలు వెళ్లే దిక్కున మొదటి పెట్టె మనదే. అక్కడా రద్దీనే, కానీ బ్యాగు ముందుకు తగిలించుకుని కాస్త ఊపిరి తీసుకోవచ్చు.

మే నెలలో ప్లాట్‌ఫాం మీద ఏసీ చల్లదనం చూసి మోసపోవద్దు. పైకి రాగానే ఎండ ఫెళ్లున తగులుతుంది. నాకైతే రామగుండం గుర్తొచ్చింది!

బయట ఈ-రిక్షాలు వరసగా ఉంటాయి. "మిరాండా, హిందూ, రామ్‌జస్" అని కాలేజీల పేర్లు అరుస్తూ మీద పడిపోతారు. సామాను లేకపోతే ఛాత్ర మార్గ్ వెంట ఆర్ట్స్ ఫ్యాకల్టీకి నడిచే వెళ్లొచ్చు, చెట్ల నీడ ఉంటుంది. ఒక మార్కు తగ్గించింది సాయంత్రం సెక్యూరిటీ క్యూకి. రాజీవ్ చౌక్ వైపు వెళ్లాలంటే కాస్త ముందే బయల్దేరండి.