పర్లాకిమిడి కోర్టు దగ్గర టైపింగ్ షాపు: ఐదుకి నాలుగు స్టార్లు

హైకోర్టు ఆర్డరు పట్టుకుని ఆఫీసుల చుట్టూ తిరుగుతున్నవాళ్లు గజపతి జిల్లాలో ఎవరున్నా, వకీలు కంటే ముందు ఈ షాపుకి వెళ్లండి. బోర్డు ఒడియాలో ఉంటుంది గానీ లోపల తెలుగు బాగానే నడుస్తుంది. రెండు కంప్యూటర్లు, ఒక జెరాక్స్ మిషను, నిలబడ్డానికి కాస్త చోటు, అంతే.

నాది రిటైరైన టీచర్లందరికీ ఉండే గొడవే, ఇంక్రిమెంట్ల బకాయి. నా అర్జీని రెండు నెలల్లో పరిశీలించి నిర్ణయం చెప్పమని కటక్ హైకోర్టు ఆదేశించింది. ఆఫీసువాళ్లు ఉలకలేదు, పలకలేదు. షాపతను ఆర్డరంతా చదివి, గడువు రాసిన లైను మీద పసుపు పెన్నుతో గీత గీశాడు. "కాపీ వాళ్లకి అందిన రోజు నుంచి లెక్క అని ఉంది మేస్టారూ. అందినట్టు ముద్ర ఏదీ?" అన్నాడు. నా దగ్గర ముద్ర ఉంది, తేదీ అలికేసినట్టుంది. వెంటనే ఇంకో లెటరు టైపు చేసి, ఆర్డరు కాపీ జతచేసి, స్పీడ్ పోస్టులో పంపించాడు. అది చేరినట్టు ఆన్‌లైన్‌లో చూపించిన పేజీని ప్రింటు తీసి రసీదుకి పిన్ను కొట్టాడు. ఈలోగా పాత ఆఫీసరు బదిలీ అయితే, కొత్తాయన పేరు కనుక్కుని ఆయనకీ ఒకటి పంపాడు. కోర్టు ఆర్డరు పాటించలేదని వేసే ధిక్కార పిటిషన్‌లో ఆఫీసరు పేరు రాయాలి కాబట్టి, "నాకు తెలీదు" అనే దారి ముందే మూసేయాలట.

ఇతను లేనిపోని ఆశలు పెట్టడు. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం కింద ధిక్కారం జరిగిన ఏడాది లోపల మనం పిటిషన్ వేయాలని, శిక్ష గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా అని చెప్పాడు. ఆ 2,000 ఇప్పుడు ఆఫీసరు గారికి ఒక పూట హోటల్ బిల్లు! కోర్టుకి నమ్మకం కలిగేలా క్షమాపణ చెబితే శిక్ష తప్పిపోవచ్చు కూడా. ఆఫీసరు జడ్జి ముందు చేతులు కట్టుకుని నిలబడే సీను ఊహించుకునేవాళ్లకి ఇంకో మాట: అధికారుల్ని పిలిపించాల్సి వస్తే ముందు వీడియోలో హాజరయ్యే వీలివ్వాలని సుప్రీంకోర్టు 2024 జనవరిలో చెప్పింది.

కాగితాలు చూసి కటక్ వకీలు వంక పెట్టలేదు. పిటిషన్ పడి నోటీసు వెళ్లాక ఆఫీసు కదిలింది. కదిలి ఏం చేసింది? నా అర్జీని "పరిశీలించి" తిరస్కరించింది. పరిశీలించమనే కదా కోర్టు అన్నది, డబ్బు ఇమ్మని అనలేదు. ధిక్కారం కేసు అక్కడితో సరి. ఆ తిరస్కరణ మీద హైకోర్టులో మళ్లీ కొత్త కేసు (రిట్) వేయాలి. ఇలా జరగొచ్చని షాపతను మొదటి రోజే అన్నాడు. ఆ ముక్క వకీలు నోట రాలేదు.

ఒక స్టారు ఎందుకు తగ్గించానంటే, ఒడియా నుంచి ఇంగ్లీషులోకి మార్చేటప్పుడు మన ఇంటిపేర్లు చెడగొడతాడు. సంతకం పెట్టే ముందు ప్రతి పేజీ చదువుకోండి. టైపింగ్ పేజీకి 30 రూపాయలు, పోస్టు ఖర్చు విడిగా. సోమవారం మాత్రం వెళ్లకండి, అఫిడవిట్ల రద్దీలో మీ గోడు వినే తీరిక అతనికి ఉండదు.